మా అమ్మ చింపిన కాగితాలు

దెయ్యాలంటే నాకు నవ్వు. ఎవరైనా అలాంటి కథ మొదలెడితే "ఇక ఆపండి బాబూ" అనే రకం నేను. ఇప్పటికీ అంతే. అయినా ఇది చెప్పకుండా ఉండలేకపోతున్నాను.

రామచంద్రపురంలో అమ్మా, తమ్ముడు శ్రీనూ మాతోనే ఉండేవారు. శ్రీనుకి అభిమాన హీరో అంటే ప్రాణం. ఆయన కొత్త సినిమా వస్తోందంటే అమ్మ పాత పేపర్లన్నీ ముక్కలుగా చింపి సంచి నింపేది. హీరో తెర మీదకి రాగానే వాడు అవి గాల్లోకి విసిరి, "మా అమ్మ చింపిందండోయ్!" అని అరిచేవాడు. హాలంతా నవ్వేది.

పైరసీ అంటే మాత్రం వాడికి ఒళ్ళుమంట. దొంగ ప్రింట్ల లింకులు వెతికి, కంప్లైంట్లు పెట్టి, వాటిని తీయించేదాకా అన్నం ముట్టేవాడు కాదు.

అలాంటివాణ్ణి డెంగీ జ్వరం తీసుకుపోయింది. వాడు ఎదురుచూసిన సినిమా వాడు పోయాకే విడుదలైంది. అమ్మ అలవాటు కొద్దీ కాగితాలు చింపి సంచి మేకుకి తగిలించింది గానీ, హాలుకి రానంది. "వాడు లేకుండా ఎలా చూస్తానే" అని ఏడ్చింది. కనీసం ఇంట్లోనైనా చూస్తుందని ఫోన్లో థియేటర్ ప్రింటు దించాను. ఎవరో హాల్లో కూర్చుని దొంగతనంగా తీసింది. తలకాయలు అడ్డం, ఈలలు, గోల.

హీరో వచ్చాడు. కాగితాలు ఎగిరాయి. ఆ గోలలోంచి ఒక గొంతు, "మా అమ్మ చింపిందండోయ్!"

అమ్మ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. వెనక్కి జరిపి మళ్ళీ పెట్టాను. మళ్ళీ అదే గొంతు. పక్కగదిలోంచి మా ఆయన వచ్చి, "అది మన శ్రీను కదూ?" అన్నారు.

"వాడు హాల్లో ఉంటే మనం ఇంట్లో కూర్చున్నామేంటే?" అంటూ అమ్మ సంచి అందుకుంది. మ్యాట్నీకి వెళ్ళాం. హీరో రాగానే అమ్మే లేచి కాగితాలు విసిరింది. చెవులు రిక్కించి నిలబడింది. ఎవరూ అరవలేదు. ఆ తర్వాత సినిమా ఏం చూశామో నాకు గుర్తు లేదు.

ఇంటికొచ్చి ఫోన్లో అదే ప్రింటు మళ్ళీ పెట్టాను. కాగితాలు ఎగిరాయి, ఈలలు వినిపించాయి. ఆ గొంతు లేదు. ఎన్నిసార్లు పెట్టినా లేదు. నాకు ఏడుపు ఆగలేదు.

అమ్మ కళ్ళు తుడుచుకుని, "వాడే తీయించేసుంటాడే. దొంగ ప్రింటు కదా" అంది.

ఆ గొంతు ఎలా వచ్చిందో, ఎలా పోయిందో నాకు ఇప్పటికీ తెలియదు. ఫోన్లోంచి ఆ సినిమా తీసెయ్యమని అమ్మ పోరుతూనే ఉంది. నాకే చేతులు రావడం లేదు.