వెతుక్కు తినే చేప

మా మావయ్యగారి చేప పక్కకి ఒరిగి పడి ఉండటం ముందు చూసింది నేనే. పొద్దున్నే వసారా ఊడుస్తూ గాజు తొట్టి వైపు తిరిగానో లేదో చీపురు చేతిలోంచి జారిపోయింది. చచ్చిందనుకున్నాను. దగ్గరికెళ్ళి చూస్తే మొప్పలు మెల్లగా కదులుతున్నాయి. ఒక కన్ను మాత్రం పైకి తేలి నా వైపే చూస్తోంది. చేపలకి కనురెప్పలుండవని నేను చదువుకున్నదాన్నే. అయినా ఆ కన్ను చూసి ఒళ్ళు జలదరించింది.

మామూలు చేప అయితే ఇంత గొడవ ఉండేది కాదు. అది ఫ్లవర్‌హార్న్. నుదుటి మీద నిమ్మకాయంత బుడిపె, ఒళ్ళంతా ఎరుపు, పక్కలకి నల్ల మచ్చలు. ఆ మచ్చల్లో అక్షరాలుంటాయనీ, అది ఉన్న ఇంటికి కలిసొస్తుందనీ మా వైపు చాలామందికి గట్టి నమ్మకం. నేను కోడలిగా వచ్చింది మాచర్లకి దగ్గర్లో ఒక ఊరికి. మావయ్య ఊళ్ళో పెద్దమనిషి. ఏ పార్టీ గెలిచినా మా వసారాలో కుర్చీలు ఖాళీగా ఉండవు. ఈశాన్యం మూల నీళ్ళుండాలి, ఆ నీళ్ళలో ఈ చేప ఉండాలి అని వాస్తు చూసే ఆయన ఎవరో చెబితే, తొట్టి, చేప రెండూ నరసరావుపేట నుంచి వచ్చాయి. ఆ ఏడు మా మిరపకాయలకి మంచి ధర పలికింది. ఇక మావయ్యని పట్టుకునేవాళ్ళెవరు? ఏ పని మీద బయల్దేరినా ముందు తొట్టి దగ్గర నిలబడి అద్దం మీద వేలు పెట్టేవాడు. చేప ఆ వేలి వెంట అటూ ఇటూ తిరిగితేనే గడప దాటేవాడు.

వచ్చిపోయేవాళ్ళు ఇంకా ఘనులు. పని పడి వచ్చిన ప్రతి మనిషీ చెప్పులు విప్పి, మంచినీళ్ళు తాగి, తొట్టి పక్కనున్న డబ్బాలోంచి చిటికెడు మేత తీసి నీళ్ళలో వేసేవాడు. అది చేపకి ఆకలేస్తుందని కాదు, మావయ్య చూస్తున్నాడని. పాసుపుస్తకం కోసం వచ్చినవాడు చిటికెడు వేస్తే, ట్రాన్స్‌ఫార్మర్ కోసం వచ్చినవాడు పిడికెడు వేసేవాడు. మా ఇళ్ళల్లో విస్తరి ముందు కూర్చున్నవాణ్ణి చాలు చాలంటున్నా వదలరు కదా, చేపకీ అదే మర్యాద జరిగింది. అది మాత్రం పాపం చెయ్యి అడ్డం పెట్టలేదు.

చేప పడుకోవడానికి కొద్ది రోజుల ముందే మా ఊరి సర్పంచ్ పదవి ఆడవాళ్ళకి రిజర్వ్ అయిందని తెలిసింది. మా అత్తయ్యని నిలబెడదామని మావయ్య అప్పటికే నలుగురికీ చెప్పేశాడు. ఆమెని అడిగాడా లేదా అన్నది నాకు తెలియదు. ఇప్పుడు చేపని చూసి నీరుగారిపోయాడు.

"ఇది ఇట్టా పడిందంటే మన టైం బాగాలేదనే లెక్క. ఈసారికి ఒద్దులే. మా తమ్ముడికి వాడి పెళ్ళాన్ని నిలబెట్టుకోమని చెబుతా," అని, తొట్టి వైపు చూడలేక కుర్చీ లాగించుకుని వాకిట్లో వేపచెట్టు కిందికి మకాం మార్చాడు.

నేను వంటింట్లో కూర తరుగుతుంటే అత్తయ్య వచ్చి నా పక్కన పీట వేసుకుని కూర్చుంది. మా అత్తయ్య మాట పొదుపు మనిషి. వసారాలో మగవాళ్ళుంటే టీ గ్లాసులు తలుపు దాకా తెచ్చి నాకో మావయ్యకో అందించేది తప్ప గడప దాటేది కాదు.

"ఏమే అమ్మాయ్, నువ్వు కాలేజీలో జంతువుల చదువేగా చదివింది? ఆ చేపని లేపగలవా?"

"మీకు ఆ చేపంటే ఎప్పుడిష్టం అత్తయ్యా? నీసు వాసనని తిట్టుకునేవాళ్ళుగా."

"చేప కోసం కాదే. నాకు నిలబడాలనుంది."

కత్తిపీట మీద నా చెయ్యి ఆగిపోయింది. సరిగ్గా విన్నానా లేదా అని ఆమె మొహంలోకి చూశాను. ఆమె నా వైపు చూడకుండా చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తోంది.

"ఇన్నేళ్ళు తలుపెనక నిలబడి అన్నీ విన్నా. ఎవురి పని ఎందుకాగిందో, ఎవురు ఆపారో నాకు తెలుసు. మీ మావయ్య సగమే వింటాడు, మిగతా సగం ఆయనే మాట్లాడతాడు. నేను చేయగలను. కానీ ఆ చేప లేవందే ఆయన సరే అనడు."

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఒక మనిషి జీవితంలో మొదటిసారి ఒకటి కావాలని అడిగితే, దానికి అడ్డం గాజు తొట్టిలో పడుకున్న చేప! నాకు కోపం ముంచుకొచ్చింది. ఆ కోపంలోనే చేతులు కడుక్కుని వెళ్ళి తొట్టి ముందు కూర్చున్నాను.

పెళ్ళయి వచ్చిన దగ్గర్నుంచీ రోజూ తుడుస్తున్న తొట్టే. ఆ రోజు మొదటిసారి చూసినట్టయింది. అడుగున ఒక్క రాయి లేదు. దాక్కోవడానికి చోటు లేదు. నాలుగు అద్దాలు, ఒక లైటు, గుర్రుమనే ఫిల్టరు, మూలన కుళ్ళిన మేత. ఆ చేపకి పొద్దున లేస్తే చేయాల్సిన పని ఒక్కటంటే ఒక్కటి లేదు. నోరు తెరిస్తే తిండి పడుతుంది, తెరవకపోయినా పడుతుంది. ఇలాంటి జాతి చేపలు అడుగున తవ్వుకుని, రాళ్ళ సందుల్లో పురుగూ పుట్రా వెతుక్కుని బతికేవని పుస్తకంలో చదివి పరీక్ష కూడా రాశాను. ఇంట్లో చేపని చూసి అది ఏనాడూ గుర్తుకు రాలేదు.

ముందు మేత డబ్బా తీసి బీరువాలో పెట్టి తాళం వేశాను. కుళ్ళు తోడేసి, రోజూ కొంచెం కొంచెం నీళ్ళు మార్చాను. వచ్చినవాళ్ళు డబ్బా కోసం వెతుక్కుంటుంటే, "చేపకి డాక్టరు పత్యం పెట్టాడండీ" అని చెప్పేదాన్ని. పత్యం అనేసరికి అందరూ తల ఊపి తప్పుకునేవాళ్ళు.

చేప కాస్త నిటారుగా నిలబడటం మొదలెట్టాక మా పుట్టింటికి వెళ్ళాను. అచ్చంపేట అవతల, కృష్ణ ఒడ్డున. అక్కడ నున్నటి గులకరాళ్ళు ఏరి, సంచిలో వేసుకొచ్చి, ఉడకబెట్టి, కడిగి తొట్టి అడుగున పరిచాను. పచ్చి రొయ్యని సన్నగా తరిగి, ఆ ముక్కల్ని రాళ్ళ కింద దాచాను. అత్తయ్య పక్కనే నిలబడి చూస్తూ నిర్ఘాంతపోయింది.

"అదేందే, తిండి దాచిపెడతన్నావు?"

"వెతుక్కుని తింటుంది అత్తయ్యా."

"వెతుక్కు తినాలా? మన కొంపలో ఉన్న ప్రాణి వెతుక్కు తినాలా? నలుగురు చూస్తే ఏమనుకుంటారు? కూడు పెట్టలేక చేపని తెచ్చుకున్నారంటారు!"

ఆ మాట ఆమె కోపంతో అనలేదు, నిజంగా సిగ్గుపడి అంది. చేపకి తిండి మానిపించినప్పుడు కూడా ఇంత బాధపడలేదు. అందించకుండా వెతుక్కోమనడం ఆమెకి మా ఇంటి పరువు మీద దెబ్బలా తోచింది. సర్ది చెప్పేసరికి నా తలప్రాణం తోకకి వచ్చింది.

ఆ పూట చేప రాళ్ళ వంక కూడా చూడలేదు. నీళ్ళ మీదికి వచ్చి నోరు తెరిచి నిలబడింది. మిగిలిన ముక్కలు తీసేసి మర్నాడు మళ్ళీ దాచాను. మళ్ళీ అంతే. నా చదువు మీద నాకే అనుమానం వచ్చింది. ఆ పై రోజు మధ్యాహ్నం అన్నాలు తిని అత్తయ్యా నేనూ వసారాలో ఒత్తులు చేసుకుంటున్నాం. టక్ మని చప్పుడయింది. అద్దం పగిలిందేమోనని ఇద్దరం ఉలిక్కిపడి లేచాం.

చేప నోట్లో రాయి ఉంది. చింతపిక్కలు నాలుగు కలిపితే ఉండేంత రాయి. దాన్ని పక్కకి మోసుకెళ్ళి ఉమ్మింది. అది అద్దానికి తగిలి మళ్ళీ టక్ మంది. వెనక్కి వచ్చి ఇంకో రాయి ఎత్తింది. తలకిందులుగా నిలబడి, తోక ఆడిస్తూ, గుంట తవ్వుతోంది. అడుగున రొయ్య ముక్క దొరికేసరికి ఒళ్ళంతా ఒక్కసారి విదిలించింది. నేను నోరు తెరుచుకుని చూస్తుండిపోయాను. నదిలో పుట్టిన చేప కాదది. నాలుగు రకాల చేపల్ని కలిపి మనుషులు పుట్టించిన జాతి. దాని తల్లి కూడా తొట్టిలోనే పుట్టి ఉంటుంది. రాయి ఎత్తితే కింద తిండి ఉంటుందని దానికి ఎవరు చెప్పారు? నా కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"ఓరి దీని తెలివి తగలెయ్య!" అంది అత్తయ్య. చేతిలో ఒత్తులన్నీ కింద పోసేసింది.

ఇక ఆమె నన్ను ఆగనివ్వలేదు. మధ్యాహ్నం కాగానే, ఈరోజు ఎక్కడ దాద్దామే అని వచ్చేది. దొడ్లో తడి మట్టి తవ్వి వానపాములు తెచ్చేది. అంచు విరిగిన మట్టి మూకుడు బోర్లించి దాని కింద దాచింది. పొలంలో పైపు ముక్క ఒకటి మిగిలి ఉంటే నేను దానికి బెజ్జాలు పెట్టి, అంచులు నున్నగా గీకి, లోపల రొయ్య పెట్టాను. చేప దాన్ని ముక్కుతో నెట్టి నెట్టి దొర్లించి, బెజ్జంలోంచి రాల్చుకునేది. ఒకే చోట రెండుసార్లు దాస్తే రెండోసారి తిన్నగా అక్కడికే పోయేది. అందుకని అత్తయ్య రోజుకో చోటు మార్చేది. చేప మీద ఎరుపు తిరిగొచ్చింది. అది పొద్దుటి నుంచీ తొట్టిలో రాళ్ళు సర్దుతుంటే, వంటింట్లోకి టక్ టక్ మని వినిపించేది.

మావయ్యకి చెప్పాం, చేప లేచిందని. అది తన వేలి వెంట తిరిగితే అత్తయ్యని నిలబెడదామన్నాడు. నామినేషన్లకి ఆఖరి రోజు పొద్దున ఆయన తలస్నానం చేసి, తెల్ల చొక్కా వేసుకుని, నా దగ్గర మేత డబ్బా అడిగి తీసుకుని వసారాలోకి వచ్చాడు. వెంట నలుగురు మగవాళ్ళు. అత్తయ్య తలుపు వెనక, కొత్త చీర కట్టుకుని ఉంది. నేను ఆమె పక్కన.

మావయ్య అద్దం మీద వేలు పెట్టాడు. చేప రాలేదు. అది మూకుడు పక్కన గుంట తవ్వుకుంటోంది. వేలితో అద్దం మీద కొట్టాడు. చేప అటు తిరిగి ఒక రాయి ఎత్తింది. చిటికెడు మేత వేశాడు. గింజలు నీళ్ళ మీద తేలుతూ ఉండిపోయాయి. చేప పైకి చూడను కూడా లేదు.

ఆయన మొహం నల్లబడిపోయింది. అందరిముందూ చెంప మీద కొట్టినట్టు నిలబడ్డాడు.

"చూశారా, నా మొహం చూట్టంలేదు! నన్నొదిలేసింది. ఎవురే ఈ రాళ్ళన్నీ పోసింది? ముందు అయన్నీ తీసి పారెయ్. అది మళ్ళీ నా చేతికాడికొచ్చినాకే ఏదైనా. మా తమ్ముడికి ఫోన్ చెయ్యండి."

చచ్చిపోతున్న చేప బతికితే చాలనుకున్నాం. అది బతకడమే ఇంత తప్పవుతుందని నేను కలలో కూడా అనుకోలేదు. రొయ్య దాచిన ఈ చేతులతోనే అత్తయ్య నోటి దగ్గరిది లాగేశాననిపించింది. ఆమె వైపు చూడటానికి ధైర్యం చాలక పక్కకి తిరిగాను. పక్కన ఎవరూ లేరు.

అత్తయ్య గడప దాటింది. మగవాళ్ళందరి మధ్య నుంచి నడిచి తొట్టి దగ్గరికెళ్ళి నిలబడింది. కుర్చీల్లో ఉన్నవాళ్ళు ఏం చేయాలో తెలియక లేచి నిలబడ్డారు.

"దానికి నీ మీద కోపమేం లేదయ్యా. దానికి పనుంది," అంది మావయ్యతో. గొంతు పెంచలేదు. "నాకూ ఉంది. పొద్దుపోతంది."

"ఏందే, ఏం మాట్లాడతన్నావు? చెప్పింది వినపడలా?"

"చానా ఏళ్ళు విన్నాగా." నా వైపు తిరిగింది. "అమ్మాయ్, నీ ఓటు కార్డు తీసుకో. ఎవురో ఒకరు ప్రతిపాదించి సంతకం పెట్టాలంట."

ఆటో ఎక్కేదాకా మావయ్య పిలుస్తాడనుకున్నాను, కనీసం తిడతాడనుకున్నాను. ఆయన తొట్టి పక్కన డబ్బా పట్టుకుని అలాగే నిలబడి ఉన్నాడు. వెంట ఒక్క మగవాడు కూడా రాలేదు. ఆటోలో నేను అత్తయ్య చెయ్యి పట్టుకుంటే చల్లగా మంచులా ఉంది.

నామినేషన్లు తీసుకునే గది నిండా మగవాళ్ళే. భార్యల్ని కుర్చీల్లో కూర్చోబెట్టి, కాగితాలు వాళ్ళే అందిస్తున్నారు, అడిగినవాటికి వాళ్ళే జవాబు చెబుతున్నారు. మా వంతు వచ్చింది. బల్ల వెనకున్న అధికారి అత్తయ్యని దాటి వెనక్కి చూశాడు, ఎవరైనా వచ్చారేమోనని. ఎవరూ కనిపించక నన్ను అడిగాడు.

"ఏమ్మా, ఈమె పేరేంటి?"

నేను నోరు తెరిచాను, పేరు రాలేదు. అత్తగారి పేరు కోడలు నోటితో పలకడం మా ఇళ్ళల్లో లేదు. పెళ్ళికార్డు మీద చదివిందే తప్ప ఆ ఇంట్లో ఆ పేరు నేను ఎవరి నోటా వినలేదు. మావయ్యకి ఆమె "ఏమే", ఊరికి పెద్దమ్మ, నాకు అత్తయ్య.

అప్పుడు ఆమె చెప్పింది. ఇంటిపేరుతో సహా, బయట వరండాలో నిలబడిన మగవాళ్ళు తిరిగి చూసేంత గట్టిగా.