సలాలా వానలో బోడమెడ కోళ్లు

ఆ కోళ్లను కొత్తగా చూసినవాళ్లు ఎవరైనా మొట్టమొదట అడిగేది వాటి రోగం గురించే. మెడ మీద ఒక్క ఈక ఉండదు. తల మీద చిన్న టోపీలాగా నాలుగు ఈకలు, మళ్లీ రొమ్ము దగ్గర్నుంచి ఈకలు, మధ్యలో అంతా ఎర్రటి తోలు. ఎవరో పీకడం మొదలుపెట్టి, ఫోను వస్తే మధ్యలో వదిలేసి పోయినట్టు ఉంటాయి. ఒమాన్‌లో నేను పనిచేసే బర్కా ఊరి తోటకు వచ్చిన ప్రతివాడికీ చెప్పి చెప్పి నా నోరు పడిపోయింది. రోగం కాదు, గజ్జి కాదు, పక్క కోళ్లు పొడవలేదు, టర్కీ కోడికి పుట్టినవీ కావు. జాతే అంత. గుడ్డు పగిలి బయటికొచ్చిన పిల్లకే మెడ బోడిగా ఉంటుంది. కొన్నాళ్లకు చెప్పడం మానేసి "ఆ, రోగమే, దూరం జరుగు" అనడం మొదలుపెట్టాను. అదే సుఖంగా ఉండేది.

మా జగిత్యాల వైపు పల్లెల్లో కూడా అక్కడక్కడా ఒకటీ అరా కనిపించేవి. బోడమెడ కోడి అనేవాళ్లం, అంతకు మించి పట్టించుకున్నది లేదు. ఒమాన్‌కు వచ్చి చాలా ఏళ్లు సైట్ల మీద సెంట్రింగ్ పని చేసి, మోకాళ్లు మొరాయించాక ఒక ముసలి అర్బాబ్ తోటలో పనికి కుదిరాను. యజమానిని ఇక్కడ అర్బాబ్ అంటారు. ఖర్జూర చెట్లు, నిమ్మచెట్లు, కొన్ని మేకలు, ఈ కోళ్లు. ఆయన ప్రాణమంతా కోళ్ల మీదే. సాయంత్రమైతే కుర్చీ వేసుకుని వాటిని చూస్తూ కూర్చునేవాడు. నేను వాటి వెనక పెంట ఎత్తుతూ ఉండేవాణ్ణి. ఎవరి డ్యూటీ వాళ్లది.

ఆ జాతి గొప్పతనం ఎండాకాలంలో తెలుస్తుంది. బర్కాలో జూన్ మధ్యాహ్నం రేకుల షెడ్డు కింద నిలబడితే బుర్ర ఉడికిపోతుంది. పక్క అరలో ఉండే మామూలు తెల్లకోళ్లు రెక్కలు ఎత్తి, నోళ్లు తెరిచి రొప్పుతూ గోడ వారన పడి ఉండేవి. రోజూ ఏదో ఒకటి కాళ్లు చాపేసేది. బోడమెడవి మాత్రం ఏమీ పట్టనట్టు తిరిగేవి. మెడ ఒక్కటే కాదు, రెక్క ఎత్తి చూస్తే చంకలోనూ తోలే, పొట్ట కిందా తోలే. మామూలు కోడికి ఉండే ఈకల్లో సగం ఉంటాయేమో. ఒంట్లో వేడి అటునుంచి అటే పోతుంది. ఎండ ముదిరేకొద్దీ మెడ ఇంకా ఎర్రబడేది. నీళ్లు తాగి, గూట్లోకి పోయి గుడ్డు పెట్టి, ఏదో ఘనకార్యం చేసినట్టు అరుచుకుంటూ బయటికొచ్చేవి. కోసినప్పుడు పీకే పని కూడా సగమే. మామూలు పుంజు కలిస్తే పుట్టే పిల్లలకు గొంతు కింద ఒక చిన్న కుచ్చు మిగులుతుంది. ఆ కుచ్చు చూసి అర్బాబ్ మొహం మాడ్చుకునేవాడు.

ఎండకు తట్టుకోలేనిది నేను. వరసగా రెండు ఎండాకాలాలు ఆ షెడ్డులోనే పడిపోయాను. రెండోసారి మూత్రం టీ రంగులో వచ్చింది. ఆసుపత్రిలో ఒక నర్సు, మన గోదావరి వైపు అమ్మాయి, సెలైన్ సరిచేస్తూ మెల్లగా చెప్పింది.

"అన్నయ్యా, ఇది చిన్న సంగతి కాదండి. ఇంకోసారి ఇలా పడిపోతే కిడ్నీలు దెబ్బతింటాయి. మీరు ఎండలో పని మానెయ్యాలండి."

"ఎండ లేని పని ఒమాన్ల యాడుంటదమ్మా?" అన్నాను.

ఆమె నవ్వలేదు. "సలాలాలో ఉంటుందండి. మూడు నెలలు వానే" అంది.

ఇంటికి పోరాదా అని అడుగుతారు జనం. అడిగేవాళ్ల సొమ్మేం పోయింది? పోగలిగితే పోయేవాణ్ణి. ఆ మాట అక్కడితో వదిలేద్దాం.

అర్బాబ్‌కు సలాలా కొండల మొదట్లో, భార్య తరఫు నుంచి వచ్చిన చిన్న తోట ఒకటి ఉంది. ఆయన కాస్త కనికరం ఉన్న మనిషే. ఆసుపత్రి సంగతి చెప్తే గడ్డం నిమురుకుంటూ ఆలోచించాడు. తర్వాత ఆయన ఆలోచన కోళ్ల మీదికే పోయింది. అంత ఎండలోనే ఇన్ని గుడ్లు పెట్టేవి చల్లటి చోట ఎన్ని పెడతాయి అన్నాడు, హిందీలో. నాకూ అది నిజమే అనిపించింది. అనిపించడం నాకు అవసరం. చివరికి ఆయన తేల్చి చెప్పాడు: కోళ్లతో పాటు నువ్వూ పో. అక్కడి వానాకాలం, ఖరీఫ్ అంటారు, అది దాటేదాకా అవి బాగుంటే అవీ నువ్వూ ఇక అక్కడే. బాగుండకపోతే అందరూ మళ్లీ బర్కాకే.

ఆ సంగతి ఫోన్లో చెప్తే మా ఇంటామె నిజమేనా అని రెండుసార్లు అడిగింది. తర్వాత, "ఇగ ఎండల్ల నిద్రవడతది నాకు" అంది. ఏళ్ల తరబడి ఏప్రిల్ వస్తే ఆమెకు అక్కడ నిద్ర ఉండేది కాదని నాకు అప్పుడే తెలిసింది.

చలికాలం చివర్లో పోయాం. కొబ్బరిచెట్లు, అరటితోటలు, రోడ్డు పక్కన బొండాలు కొట్టి ఇచ్చే బండ్లు. ఒమాన్‌లో ఇలాంటి చోటు ఉందని వినడమే తప్ప చూడలేదు. మొదటి నెలలు కోళ్లు బ్రహ్మాండంగా ఉన్నాయి. గుడ్లు పెట్టాయి. అన్నిటికంటే ముసలి పెట్ట, బర్కాలో రోజంతా నా కాళ్ల చుట్టూ తిరిగేది, ఒక విడత గుడ్లు పొదిగి పిల్లలను కూడా చేసింది. పక్క తోటలో కొబ్బరికాయలు దింపే ఒక మలయాళీ ముసలాయన గట్టు మీద నిలబడి వాటి మెడలు చూసి, "వాన వస్తే ఏం చేస్తావు భాయ్?" అన్నాడు. ఓర్వలేక అంటున్నాడనుకున్నాను.

వాన వచ్చింది. వాన అనకూడదు దాన్ని. మన దగ్గర వాన పడితే దబదబా పడి వెలుస్తుంది, ఎండ కాస్తుంది, అన్నీ ఆరుతాయి. ఇది పడదు, వెలవదు. పొగమంచు కొండ దిగి వచ్చి తోట మీద కూర్చుంటుంది. అందులోంచి సన్నటి తుంపర రాలుతూనే ఉంటుంది. వారాల తరబడి సూర్యుడు కనిపించడు. కొండలన్నీ పచ్చబడతాయి. గల్ఫ్ దేశాలన్నిటి నుంచి జనం కార్లలో వచ్చి, చాపలు పరుచుకుని, కావాలని తడుస్తూ కూర్చుంటారు. నాకూ మొదటి రోజు హాయిగానే అనిపించింది. మొహం పైకెత్తి నిలబడ్డాను. ఒళ్లంతా చల్లబడింది. ఇక నన్ను ఎవరూ కదిలించలేరు అనుకున్నాను.

కోళ్లు మాత్రం రెండో రోజే ముడుచుకున్నాయి. పక్క తోటలో నాటుకోళ్లు ఒళ్లు దులుపుకుంటే నీళ్లు జారిపోయేవి. వీటికి దులుపుకోవడానికి ఈకలేవి? తుంపర నేరుగా తోలు మీదే పడేది. చలి అంత ఎక్కువేం కాదు, మనకు పంచె కప్పుకుంటే పోయేంత. కానీ తడి ఆరేది కాదు. కింద వేసిన రంపపు పొట్టు పొద్దున మారిస్తే సాయంత్రానికి ముద్దయ్యేది. మెడల ఎరుపు తగ్గుతూ వచ్చి, తెల్లగా, ముట్టుకుంటే జిగటగా అయ్యాయి. ముక్కులు కారడం, గురగుర శబ్దం. కొక్కెర తెగులేమో, అదే అయితే గూడంతా తుడిచిపెట్టుకుపోతుందని భయపడ్డాను. మందుల దుకాణం వాడు నీళ్లలో కలపమని పొడి ఇచ్చి, ముందు వాటిని పొడిగా ఉంచు అన్నాడు. ఏం తెలివి. పొడిగా ఉంచే చోటు దొరికితే నేనే పోయి పడుకునేవాణ్ణి.

నేను చేయని పని లేదు. గూటి చుట్టూ టార్పాలిన్ కట్టాను. గాలి ఆగిపోయి కంపు పట్టింది. విప్పాను. వెచ్చదనానికి ఎర్ర బల్బులు పెట్టాను. నా పాత సాక్సుల మొనలు కత్తిరించి, ముసలి పెట్టతో మొదలుపెట్టి ఒక్కొక్కదాని మెడకు తొడిగాను. కొబ్బరికాయల ముసలాయన వచ్చి చూసి గట్టు మీద కూలబడి నవ్వాడు. ఆయన నవ్వుతుంటే నాకూ నవ్వొచ్చింది, అన్ని రోజుల్లో అదొక్కసారే. సాయంత్రానికి ఆ సాక్సులు తడిసి మెడలకు అంటుకుపోయాయి. నవ్వినంతసేపు పట్టలేదు అన్నీ లాగి పారెయ్యడానికి.

ముందు పిల్లలు పోయాయి. తర్వాత పెట్టలు. పొద్దున గూట్లోకి పోగానే వరసగా చెయ్యి పెట్టి, ఏది వెచ్చగా ఉంది, ఏది చల్లబడింది అని తడమడమే నా పని అయిపోయింది. ఫోన్లో అర్బాబ్‌కు చెప్తే, కొత్త చోటు, అలవాటు పడతాయిలే అనేవాడు. ఇంటామె ఫోను చేస్తే అంతా మంచిగున్నది అనేవాణ్ణి. నా ఒంటికి నిజంగానే బాగుంది. తల తిరగడం లేదు, మూత్రం తెల్లగా వస్తోంది. నాకు పట్టిన చల్లదనమే వాటిని చంపుతోంది, అవి చస్తే నాకు ఆ చల్లదనం ఉండదు. ఏం ఖర్మరా ఇది అనుకుంటూ పొట్టు మార్చేవాణ్ణి.

ఖరీఫ్ మధ్యలో అర్బాబ్ తన పెళ్లాంతో, మనవలతో దిగాడు. కారు దిగి తుంపరకు మొహం పట్టి, దేవుడికి కృతజ్ఞతలు చెప్పుకున్నాడు. నేరుగా గూటికి వచ్చాడు. ఆయన చూపు అంతంత మాత్రం. లోపల ఎర్ర బల్బులు వెలుగుతున్నాయి. ఆ వెలుగులో మిగిలిన కోళ్లన్నిటి మెడలూ నిగనిగా ఎర్రగా కనిపిస్తున్నాయి, బర్కాలో కనిపించినట్టే.

"మాషా అల్లాహ్" అన్నాడు. "తగ్గాయి కానీ ఉన్నవి బాగున్నాయి. ఎంత ఎర్రగా ఉన్నాయో చూడు. అలవాటు పడ్డాయి. ఇక ఇక్కడే ఉంచుదాం, కదా?"

నేను ఊ అంటే చాలు. ఊ కూడా అక్కర్లేదు, ఊరుకుంటే చాలు. ఆయన పోయి చాప మీద మనవలతో కూర్చుంటాడు. నేను ఆ మబ్బు కింద మిగిలిపోతాను. ఆ మాట నా గొంతు దాకా వచ్చింది కూడా.

నేను వంగి ముసలి పెట్టను ఎత్తుకుని బయటి వెలుతురులోకి తెచ్చాను. దాని మెడ నా చేతిలో వేలాడింది. తెల్లగా, ఉడకేసి పీకిన కోడి మెడలాగా ఉంది. "అది బల్బు ఎరుపు అర్బాబ్. ఇదీ అసలు రంగు. ఇవి ఇక్కడ బతకవు" అన్నాను.

దీన్ని నిజాయితీ అని ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండుతుంది. నాకు ఓపిక లేదు, అంతే. మర్నాడు పొద్దున మళ్లీ లేచి, ఆ చీకటి గూట్లో చెయ్యి పెట్టి చల్లబడినదాన్ని వెతుక్కోవడం నా వల్ల కాలేదు. అబద్ధం చెప్పాలన్నా కొంత బలం కావాలి కదా.

అర్బాబ్ తన తలగుడ్డ కొంగుతో దాని మెడ తుడిచాడు. చాలాసేపు తుడిచాడు. తర్వాత, రేపే బర్కాకు తీసుకుపోదాం అన్నాడు. నా వైపు చూసి కళ్లు దించుకుని, "నీకు ఎండ పడదని తెలుసు. కానీ వీటిని నువ్వు తప్ప ఎవరు చూస్తారు? మధ్యాహ్నం పూట లోపలే ఉండు" అన్నాడు. కోళ్లకు నీళ్లు మార్చాల్సింది ఆ మధ్యాహ్నం పూటేనని ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు.

మర్నాడు డ్రైవరూ నేనూ పికప్ వెనక కోళ్ల బుట్టలు పెట్టి, పైన టార్పాలిన్ కప్పి బయల్దేరాం. ఎడారి వైపు పోయే తుమ్రైత్ రోడ్డు కొండ ఎక్కుతుంది. ఎక్కినంతసేపూ మంచే, ముందున్న బండి లైట్లు కూడా కనబడవు. కొండ పైన ఒక చోట ఆ మంచు ఉన్నట్టుండి అయిపోతుంది. వెనక పచ్చ, ముందు ఎడారి. డ్రైవరు వైపర్లు ఆపి, నల్లకళ్లజోడు పెట్టుకున్నాడు. కొంత దూరం పోయాక టీ కోసం ఆపితే నేను దిగి టార్పాలిన్ తీశాను.

ఎండ వాటి మీద పడింది. కాసేపు ఏమీ జరగలేదు. తర్వాత ఒక్కొక్కటీ బుట్ట సందుల్లోంచి మెడ బయటికి చాపింది. కళ్లు మూసుకుని అలాగే ఉన్నాయి. నేను టీ తాగి వచ్చేసరికి మెడల్లో రంగు తిరిగింది. ముసలి పెట్ట లేచి నిలబడి ఒళ్లు విదిలించుకుంది. నాకు సంతోషమైంది. అబద్ధమెందుకు, కళ్లల్లో నీళ్లు తిరిగాయి. దాని మీద కోపం కూడా వచ్చింది. పద, నీకు బాగానే ఉందిలే అనుకున్నాను. అప్పటికే నా వీపంతా చెమట. తల వెనక ఆ పాత పోటు మొదలైంది.

ఫోను మోగింది. ఇంటామె.

"ఏం జేస్తున్నవ్?"

"ఏం లేదు. గూసున్న."

"ఆడ వాన వడుతున్నదా?"

ముందు రోడ్డు మీద ఎండమావి నీళ్లలాగా కదులుతోంది. "పడుతున్నది" అన్నాను.

"సల్లగున్నదా?"

"మస్తు సల్లగున్నది." ఫోను భుజానికి, చెవికి మధ్య బిగించి, కోళ్ల కోసం తెచ్చిన సీసా మూత తీసి, తువ్వాల మీద నీళ్లన్నీ పోశాను.

"పైలం. తడువకు" అంది.

తువ్వాల పిండకుండానే మెడకు చుట్టుకున్నాను.

"తడువ" అన్నాను.