అట్టపెట్టె రథానికి ఉప్పు, మిరియాలు

స్కూల్ వాళ్ళకి కనపడకుండా హైడ్ చేసి పెడతా ఉండా ఈ స్టేటస్.

ఈ రోజు సాయంత్రం మా పిన్ని కొడుకు చిన్నూకి, పక్కింటి లాస్యకి వీల్ అండ్ యాక్సిల్ నేర్పించినా. ఇద్దరూ ఒకటో క్లాసు. అట్టపెట్టె కింద స్ట్రాలు అంటించి, వాటిలో పుల్లలు దూర్చి, చివర్లకి బాటిల్ మూతలు గుచ్చినాం. పుల్ల తిరిగితే మూతలు కూడా తిరగతాయి, ఆ పుల్లే యాక్సిల్ అని చెప్పినా. బండి గచ్చు మీద జోరుగా పోయింది.

నేను నీళ్ళు తాగొచ్చేలోపల ఆగిపోయింది. చూస్తే స్ట్రాల నిండా ఉప్పు, మిరియాలు.

"ఏం చేసినార్రా?"

"రథం కదక్కా," అన్నాడు చిన్నూ. "తిరుచానూరులో రథం మీద అందరూ ఉప్పు, మిరియాలు చల్లి మొక్కుకుంటారు గదా."

ఫ్రిక్షన్ గురించి రేపు చెప్దామనుకున్నా. వాళ్ళే చూపించేసినారు.

లాస్య నా చేతిలో కూడా ఉప్పు పోసింది. కళ్ళు మూసుకుని చల్లినా.

"ఏం మొక్కుకున్నావక్కా?"

"మంచి మార్కులు రావాలని."

"ఛీ, సైకిల్ అడగాల్సింది," అన్నాది.

మార్కులు కాదు. మా అమ్మ కువైట్‌లో ఇంటిపని చేస్తాది. స్కూల్లో ఎవరికీ చెప్పలా. రోజూ ఫోన్ చేస్తాది. ఎప్పుడొస్తావు అని మాత్రం అడగను. ఇంకో రెండేళ్ళు అంటాదేమో అని భయం. తిన్నావా అని అడిగి పెట్టేస్తా.

ఇంకాసేపట్లో అమ్మ ఫోన్ వస్తాది. ఈ రోజన్నా అడగాలని ఉండాది. మీరైతే ఎట్లా మొదలుపెడతారు?