టైగర్ మెడలోని నల్లదారం

తారామణికి ఒకచోట కాలు నిలవదు. నాచారం ఫ్యాక్టరీలో ప్యాకింగ్ పని చేసి ఒళ్లు హూనమై వచ్చినా కూర్చోదు. మొగుడు మొగిలయ్య లారీ ఎక్కాడంటే దిగేదాకా ఆమె ప్రాణం అతని వెంటే తిరుగుతుంది. తెలంగాణ ఉద్యమంలో రోజుకో బంద్ పిలుపుండే ఆ ఏడాది మరీను.

ఆ దిగులు పడలేకే ఎల్లమ్మ గుడిలోంచి జోడు నల్లదారాలు తీసుకొచ్చి, ఒకటి మొగుడి మణికట్టుకు, ఒకటి కుక్క టైగర్ మెడకు కట్టింది. కుక్క మెడలో దారం ఉన్నన్నాళ్లూ మనిషి క్షేమమని ఆమె నమ్మకం. అలా అని గుడిలో ఎవరూ చెప్పలేదు. ఆమె మనసు వేసుకున్న ముడి అది. రోజూ పడుకునే ముందు ఆ దారాన్ని ఒకసారి తడిమి చూసుకునేది.

ఒక ఆదివారం మధ్యాహ్నం టైగర్ పెరట్లో కట్టెల మోపులో మూతి పెట్టి కుయ్యోమంటూ పరిగెత్తుకొచ్చింది. చూస్తుండగానే మొహం ఉబ్బి కళ్లు మూసుకుపోయాయి. తారామణి కేకకు ఇంటి ఓనరు సూర్యకళ వచ్చింది. రైల్వే ఉద్యోగి భార్య, బెజవాడ వైపు మనిషి, కుక్కల్ని పెంచినామె.

"జరమొచ్చినప్పుడు మేమేసుకునే గోలీ ఉన్నదమ్మా, ఎయ్యాల్నా?" అని అడిగింది తారామణి.

"మనుషుల మాత్రలు వెయ్యకు. ఏ కందిరీగో కుట్టుంటుంది. చల్లటి నీళ్లలో గుడ్డ తడిపి అద్దు. మూతికి ఏమీ కట్టకు. వాపు కిందికి దిగుతోంది, మెడకున్నవన్నీ తీసెయ్. నేను ఆటో తెస్తాను."

తారామణి బెల్టు ఊడదీసింది. దారం మాత్రం వాచిన మెడలో కూరుకుపోయింది. కత్తెర పట్టుకుంది గానీ దారం దాకా తెచ్చి ఆగిపోయింది.

"జర ఆగుండ్రమ్మా. ఆయనింక రోడ్డు మీదనే ఉన్నడు."

"ఆయనకూ దీనికీ ఏంటి సంబంధం?" అని సూర్యకళ విసుక్కుంటూ వీధిలోకి నడిచింది.

టైగర్ ఊపిరికి గురక మొదలైంది. తారామణికి ఏడుపూ కోపమూ కలిసి వచ్చాయి. "ఎల్లమ్మ తల్లీ, కోపమొస్తే నా మీద సూపు. ఆయన జోలికి వోకు," అని దారం కత్తిరించేసింది.

ఉప్పల్ పశువుల దవాఖానాలో సూది వేసి, సాయంత్రం దాకా అక్కడే ఉంచుకుని పంపారు. కుక్క తేరుకుంది, ఆమె తేరుకోలేదు. మొగుడి ఫోను స్విచాఫ్. తెగిన దారాన్ని కొంగున ముడేసింది, విప్పింది, మళ్లీ ముడేసింది.

మర్నాడు మధ్యాహ్నం మొగిలయ్య షేర్ ఆటో దిగాడు. ఆమె పలకరించకుండానే అతని చొక్కా చెయ్యి పైకి లాగింది. మణికట్టు బోసిగా ఉంది.

"దారమేది?"

"గా దారమా? పోయిన నెల టైరు మారుస్తుంటే తెగిపోయింది. జెప్తే నువ్వు తిండి మానేస్తవని జెప్పలే. గందుకే ఇంట్ల పొడుగు చేతుల అంగి ఇప్పలే."

జోడు తెగిపోయిన ఆ నెల రోజులూ తను ఏ ధైర్యంతో పడుకుందో తలుచుకుంటూ ఆమె గడప మీద కూలబడింది. టైగర్ వచ్చి పక్కన పడుకుంది.

"మళ్ల ఎప్పుడు వోతవు?"

"రేపు పొద్దుగాల."

తారామణి చెయ్యి అలవాటుగా టైగర్ మెడ మీదికి పోయింది. అక్కడ తడమడానికేమీ లేదు. ఆ చేత్తోనే మొగుడి మణికట్టు పట్టుకుంది. అతను ఆకలవుతోందన్నా వదల్లేదు.