పెంటయ్య ఉరఫ్ రాజ్‌కుమార్

ఆదివారం పొద్దున, ఇంకా పళ్లు కూడా తోముకోకుండానే, రాజ్‌కుమార్ తన పదో తరగతి స్నేహితుల వాట్సాప్ గ్రూపులోంచి తప్పుకున్నాడు. అంతకు ముందు ఎవరో ఆయన ఎన్నికల పోస్టర్‌ను అందులో పెట్టారు. దాని కింద మరొకరు "గీ రాజ్‌కుమార్ ఎవల్రా, మన పెంటిగాడే గదా" అని రాశారు. దానికి చాలామంది నవ్వు బొమ్మలు పెట్టారు.

ఆయనకు కోరుట్లలో బట్టల దుకాణం ఉంది. సిరిసిల్ల సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, నేసిన చీరలు తెచ్చి అమ్ముతాడు. పుట్టింది మల్లాపూర్‌లో, నేత కుటుంబంలో. ఈసారి కులసంఘం అధ్యక్ష పదవికి పోటీ చేశాడు. ఆ పదవికి జీతం లేదు, చెప్పుకోదగ్గ పనీ లేదు. అయితే సంఘం కొత్త ఫంక్షన్ హాలు కడుతోంది. దాని ముందు పెట్టే నల్లరాయి మీద అధ్యక్షుడి పేరు చెక్కుతారు. ఆయనకు కావలసింది ఆ రాయి. రాజ్‌కుమార్ అని ఒకసారి రాతి మీద పడితే, ఇక ఎవరూ పెంటయ్య అనరని ఆయన నమ్మకం. యాభై మూడేళ్ల మనిషికి ఇంతకంటే పెద్ద కోరిక లేకపోవడం మన జిల్లాలో వింతేమీ కాదు.

ఆయన సిగ్గుపడే పేరు వెనక సంగతి ఇది. తల్లి రాధమ్మకు అంతకు ముందు పుట్టిన ముగ్గురు పిల్లలు ఏడాది నిండకుండానే పోయారు. అలాంటి ఇళ్లలో ఒక ఆచారం ఉండేది. కొత్తగా పుట్టిన బిడ్డను చాటలో పెట్టి, ఇంటి వెనక పెంటకుప్ప మీద పడుకోబెట్టేవారు. ఎవరికీ అక్కర్లేక పారేసిన దాని వైపు చావు చూడదని వాళ్ల లెక్క. పిల్లలందరూ బతికి ఉన్న తల్లి ఒకామె అటుగా వచ్చినట్టు వచ్చి, బిడ్డను ఎత్తుకుని తన ఇంటికి తీసుకుపోయేది. కన్నతల్లి వెళ్లి చాటెడు నూకలు పోసి కొని తెచ్చుకునేది. ఆ బిడ్డకు పెంటయ్య అనో పెంటవ్వ అనో పేరు పెట్టేవారు. ఎత్తుకున్న ఆమెకు ఆ పిల్లవాడి పెళ్లిలో చీర పెట్టాలి. రాధమ్మ కొడుకును ఎత్తుకున్నది పక్కింటి సమ్మవ్వ. పిల్లవాడు బతికాడు. బతికినవాడు పెద్దయ్యాక ఆ పేరు నచ్చలేదన్నాడు.

రాజ్‌కుమార్ అనే పేరు ఎక్కడిదని అడిగితే, వేములవాడ గుడిలో అయ్యగారు పెట్టాడని చెబుతాడు. అది అబద్ధం. పద్దెనిమిదేళ్లప్పుడు సిరిసిల్లలో సాంచాల పనికి చేరిన రోజు సేటు పేరు అడిగాడు. షెడ్డు గోడకు ఒక దారం దుకాణం వాళ్ల క్యాలెండర్ వేలాడుతోంది. దాని అడుగున యజమాని పేరు ఉంది. అదే చదివి చెప్పాడు. తల్లి భయంతో పెట్టిన పేరు నామోషీ అయింది, దారం కొట్టు ప్రకటన గౌరవం అయింది.

దుకాణం పెట్టాక తల్లిని వెనక గదిలో కూర్చోబెట్టాడు. ముందు కూర్చుంటే కొనడానికి వచ్చిన గిరాకీల ఎదుట "పెంటీ, అన్నం తింటానవా" అని పిలిచేదట. ఆమె పోయేదాకా ఆ గది మారలేదు. పెళ్లిలో సమ్మవ్వకు చీర పెట్టలేదు. పెడితే ఎందుకని జగిత్యాల అత్తగారివాళ్లు అడుగుతారు. మనవడికి మాత్రం యువ్యాన్ష్ అని పెట్టించాడు. అర్థం ఏమిటంటే కొడుకు హరీశ్ ఫోన్ తీస్తాడు. నెట్‌వర్క్ లేని చోట ఆ పిల్లవాడి పేరుకు అర్థం లేదు.

పట్టణం ఓట్లు ఎలా పడతాయో అందరికీ తెలుసు. తేల్చేది మల్లాపూర్. అక్కడి నేత ఇళ్లు ఓటు వేసే ముందు సమ్మవ్వ ఇంటివైపే చూస్తాయి. అందుకే ఆ ఆదివారం తండ్రీ కొడుకులు కారులో మల్లాపూర్ వెళ్లారు. సమ్మవ్వ గడప దగ్గర కూర్చుని బీడీలు చుడుతోంది. ఆమె కొడుకు సతీశ్, నలుగురైదుగురు ఇరుగుపొరుగు అక్కడే ఉన్నారు.

"ఎవలు, పెంటయ్యనా? రా కొడుకా. కండ్లు సరిగ ఆనుతలేవు," అంది.

"రాజ్‌కుమార్‌ను, అవ్వా."

"ఆఁ, ఏదో ఒకటి. గా కుర్చీల కూసో."

హరీశ్ ఫోన్‌లో వీడియో తీస్తుండగా ఆయన సంచిలోంచి చీర తీసి ఆమె ఒళ్లో పెట్టాడు. సమ్మవ్వ దాన్ని విప్పకుండానే పక్కకు జరిపింది.

"గిది నీ లగ్గం చీరెనా, ఓట్ల చీరెనా?"

"రెండు అనుకో అవ్వా."

"నీ లగ్గమై ముప్పై ఏండ్లాయె. గీ ఒక్క చీరె నేసుటానికి గన్నేండ్లు పట్టిందా?"

పక్కవాళ్లు నవ్వారు. హరీశ్ వీడియో తీయడం ఆపేశాడు. రాజ్‌కుమార్ గొంతు తగ్గించాడు.

"రేపు మీటింగ్‌ల నా పక్కపొంటి కూసో. ఎవలన్న అడిగితె రాజ్‌కుమార్ అని చెప్పు. గా పాత పేరు ఎత్తకు. గా పెంట ముచ్చటనే తియ్యకు."

"తియ్యకుంటె నేను నీకేమైత? ఎవలనని కూసోవాలె?"

"ఎరుకైనామె అని చెప్త."

సమ్మవ్వ చుట్టిన బీడీని చాటలో పడేసింది. "నేనెత్తుకున్నది పెంటయ్యను. మీ అమ్మ నూకలు పోసి తీస్కపోయింది గూడ వాన్నే. గీ రాజ్‌కుమార్ ఎవలో నాకెరుక లేదు బిడ్డా. ఆయన్ను ఎత్తుకున్నోల్లు ఉంటె, వాల్లనే పక్కకు కూసోవెట్టుకొమ్మను." చీర తీసి హరీశ్ చేతిలో పెట్టింది. "మీ అమ్మకియ్యి."

కారు ఎక్కుతూ రాజ్‌కుమార్, "ముసల్దానికి మతి తప్పింది," అన్నాడు. సతీశ్ రెండడుగుల దూరంలో ఉన్నాడు. చీర మర్నాడు మళ్లీ దుకాణంలో అమ్మకానికి వచ్చింది.

పోటీలో ఉన్న కొమురెల్లి కూడా ఏమంత ఘనుడు కాదు. సంఘం వంట గిన్నెలు సగం ఆయన ఇంట్లోనే ఉంటాయి. అయితే ఆయన మల్లాపూర్ వెళ్లి సమ్మవ్వ పెట్టిన చాయ్ తాగి, ఎవరి పేరునూ దిద్దకుండా తిరిగి వచ్చాడు. ఆయనకు అంతకంటే ప్రచారం అవసరం పడలేదు.

తర్వాతి ఆదివారం ఓట్లు పడ్డాయి. ఊరికో డబ్బా. సాయంత్రం లెక్కింపులో మల్లాపూర్ డబ్బా మిగిలేసరికి రాజ్‌కుమార్ ముప్పై ఆరు ఓట్ల ముందున్నాడు. బయట టపాకాయలు తెప్పించాడు. మల్లాపూర్ డబ్బాలో యాభై రెండు ఓట్లున్నాయి. కొమురెల్లికి నలభై మూడు, రాజ్‌కుమార్‌కు మూడు. మిగిలిన ఆరు చీటీల మీద ముద్ర లేదు. పెన్నుతో "పెంటయ్య" అని రాసి ఉంది. సమ్మవ్వకు జరిగిన అంత అవమానం తర్వాత కూడా ఆయనను కావాలనుకున్నవాళ్లు ఆ ఆరుగురు.

ఎన్నికలు జరిపిస్తున్న రాజేశం రిటైరైన టీచర్. చీటీలు బల్ల మీద పరిచాడు.

"పెంటయ్యంటె నువ్వే గదనే. నాదే గీ పేరు అని ఒక్క మాట అను, కలుపుత. రెండోట్లతోని గెలుస్తవు."

కొమురెల్లి అడ్డు చెప్పలేదు. "కలుపు సార్, నాకేం ఇబ్బంది లేదు. గాని ఏ పేరు మీద గెలిస్తె గా పేరే ఉండాలె. రికార్డుల, హాల్ కాడి రాయి మీద, అంతట పెంటయ్య ఉరఫ్ రాజ్‌కుమార్ అని రాయాలె."

గదిలో అందరూ రాజ్‌కుమార్ వైపు చూశారు. హరీశ్ దగ్గరికి వచ్చి, "ఒప్పుకో డాడీ, ఏమైతది," అన్నాడు.

రాజ్‌కుమార్ చీటీలను చూశాడు. కండువా సర్దుకున్నాడు.

"గా పేరుతోని నాకు సంబంధం లేదు," అన్నాడు.

రాజేశం ఆరు చీటీలనూ చెల్లనివాటిలో కలిపాడు. కొమురెల్లి నాలుగు ఓట్ల తేడాతో గెలిచాడు.