పోచన్న ఆగే చోట్లు

“ఆయమ్మ చెప్పింది నిజమే అబ్బీ. తప్పు నాదే. మనిషిని తొందరపెట్టేసినా,” అంటూ వీరబ్రహ్మం మామ కంప్యూటర్ ముందు నుంచి లేచాడు. కిటికీ దాకా పోయి వచ్చి, కూర్చోబోయి, మళ్లీ లేచాడు. మస్కట్‌లో హమ్రియా పేటలో ఆయన రూమ్ నాలుగడుగులే.

మస్కట్ దగ్గరి బర్కాలో ఖర్జూర తోటలో పనిచేసిన పోచన్నకు సొంతూళ్లో దహనం జరిగి తొమ్మిది రోజులు. ఎల్లుండి పదకొండో దినం. ఆ రోజు అందరికీ చూపించడానికి భార్య యాదవ్వ ఐదు నిమిషాల వీడియో అడిగింది. ఆమె ఆయన్ని చూసి మూడేళ్లయింది. తోటి పనివాడు భూమేశ్ ఫోన్‌లో తీసినవన్నీ ఐదు నిమిషాలకు సరిపోయేలా కత్తిరించి, అతికించి, మామ నిన్న పంపాడు. వెంటనే ఆమె ఫోన్ చేసింది.

“మొఖం ఆయనదే సారూ, మాట ఆయనది గాదు. మా ఆయన మాట మాటకు ఆగుతడు. గీయినెవరో గడగడ మాట్లాడుతుండు.”

మామది కడప. ఇరవై ఏళ్లప్పుడు స్కాలర్‌షిప్ మీద మాస్కో పోయి సినిమా ఎడిటింగ్ చదివాడు. అక్కడి స్టూడియోలో గాలీనా ఇవానోవ్నా అనే పెద్దావిడ దగ్గర ఐదేళ్లు అసిస్టెంటు. ఎడిటింగ్ గదుల నిండా ఆడవాళ్లే, తెల్ల గ్లవ్స్ తొడుక్కుని. తెర మీద ఈయన పేరు ఒక్కసారీ పడలేదు. సోవియట్ దేశం విడిపోయాక అక్కడ పని ఆగింది, హైదరాబాదులో దొరకలేదు. మస్కట్ వచ్చి పెళ్లి వీడియోల్లో పడ్డాడు.

“గాలీనమ్మ ఉంటే కత్తెర లాక్కునేది. ‘నీకు ట్రామ్ టైమయిందా?’ అనేది నేను తొందరపడినప్పుడల్లా,” అన్నాడు.

“ఆగిన చోట్లు మళ్లీ పెట్టొచ్చు కదా మామా?” అన్నాను.

“పెట్టినా. విను.”

తెర మీద పోచన్న, “బిడ్డ మంచిగ సదువుకోవాలె...” అని ఆగాడు. ఆ సందులో భూమేశ్ గొంతు: “జల్ది చెప్పు కాకా, డ్యూటీ టైమైతుంది.” ఆగిన ప్రతిచోటా భూమేశే.

మామ ఆ గొంతు తీసేశాడు. దాంతో తోట సడి కూడా పోయింది. పోచన్న ఎక్కడా కాని చోట నిలబడ్డట్టున్నాడు.

“ఇట్ల చూపిస్తే ఆయమ్మకు ఇంకోసారి పోయినట్టుంటాది,” అని మామ నా చెప్పులు కాలితో నా వైపు నెట్టాడు.

“మాస్కోలో షూటింగ్ అయినాక అందరి నోళ్లూ మూయించి, ఆ చోటి ఉత్త సడి పట్టుకుంటాండ్రి, ఇట్లాంటి సందుల్లో అతికేదానికే. నువ్వు బర్కా పో. పోచన్న నిలబడిన చోటే నిలబడి, ఫోన్ ఆన్ చేసి, రెండు నిమిషాలు ఊరికే ఉండు. ఆకులో, నీళ్ల మోటరో, ఏముంటే అది. భూమేశ్‌ను మాత్రం ముందే టీకి పంపించు.”