చెవులాయన ఉద్యోగాలు

ఏటా ఎండలు ముదిరే ముందు, నెలల తరబడి ఊరికే ఉన్న ఏసీని మొదటిసారి వేసినప్పుడు గదిలోకి ఒక వాసన వస్తుంది. తడిసిన దుమ్ము, పాత గుడ్డ, కాస్త తుప్పు కలిసిన వాసన. మా ఆవిడ ముక్కు మూసుకుని కిటికీ తెరుస్తుంది. నేను మాత్రం ఆ రెండు నిమిషాలూ కదలకుండా కూర్చుంటాను. ఆ వాసనలో నాకు పదేళ్లు.

కువైట్‌లో, ఫర్వానియాలో, మూడో అంతస్తులో మా ఇల్లు. అమ్మ ఆసుపత్రిలో నర్సు. నాన్న వఫ్రాలో ఒక తోటలో నీటి పంపులు చూసుకునేవాడు. అక్కణ్ణించి బస్సులు తక్కువ కాబట్టి గురువారం సాయంత్రం వచ్చి, శుక్రవారం చర్చిలో ప్రార్థన అయ్యాక వెళ్లిపోయేవాడు. స్కూలు బస్సు మధ్యాహ్నం రెండింటికి నన్ను దింపేసరికి వీధంతా తలుపులేసుకుని నిద్రపోతూ ఉండేది. ఎండాకాలం మెట్ల రెయిలింగు చేతికి చురుక్కుమనేది. దుమ్ము లేచిన రోజుల్లో ఎదురు మేడ కూడా కనబడక, పళ్ల మధ్య ఇసుక కరకరలాడేది. చలికాలంలో వాన రెండు చినుకులు పడితే చాలు, సందంతా చెరువయ్యేది. కాగితప్పడవ చేసినా, పక్కన నిలబడి పందెం వేసే తోడు లేక, నా పడవ మీద నేనే గెలిచేవాణ్ణి.

అందుకే అమ్మ, వంటింటి పక్క గదిని లక్షుమ్మత్తకు ఇచ్చింది. ఆమెది కడప జిల్లా. అంతకుముందు ఆరేళ్లు జహ్రాలో ఒక కువైటీ ఇంట్లో పనిచేసింది. ఆ ఇంటి పెద్దావిడ పోయాక ఫర్వానియా వచ్చి, పొద్దున రెండిళ్లలో పని చేసుకుని, మధ్యాహ్నాలు నన్ను చూసుకునేది. క్రిస్మస్‌కి అమ్మ గులాబీ పువ్వులు వండుతుంటే పక్కన కూర్చుని, అచ్చు నూనెలో ముంచి దులపడం ఇట్టే పట్టేసింది. ఉగాదికి తను ఓళిగలు చేసి, మొదటిది మా అమ్మ చేతిలోనే పెట్టింది.

మూడింటికి టీవీలో ఇంగ్లీషు ఛానల్ పెట్టేవాళ్లం. బ్రిటన్ సీరియళ్లు ఎన్నేళ్ల కిందటివో తెచ్చి వేసేవారు. ముద్దు రాబోతుందనగా సెన్సారు కోతకు బొమ్మ ఎగిరి తర్వాతి సీన్లో పడేది. నమాజు వేళకు కథ మధ్యలో ఆగేది. ఆ సీరియళ్లన్నిటిలో, ఏదో ఒక మూల, ఒకే మనిషి కనబడుతున్నాడని ముందు పసిగట్టింది లక్షుమ్మత్తే. పొడుగ్గా, ఒక భుజం కిందికి వాలి, జాడీ చెవుల్లాంటి చెవులతో ఉండేవాడు. హీరో ఎప్పుడూ కాదు. ఒక వారం జమీందారు ఇంట్లో టీ అందించే నౌకరు, ఇంకో వారం ఉత్తరాలు పంచేవాడు, ఆపైన సైకిలెక్కిన పోలీసు, ఆపైన పాస్టరు.

"మల్లా కఫీల్‌ను మార్చినాడు సూడు!" అనేది లక్షుమ్మత్త. కువైట్‌లో మనల్ని పనికి తెప్పించుకున్న యజమానిని కఫీల్ అంటారు. అతను వదిలితే తప్ప ఇంకొకరి దగ్గర చేరడానికి లేదు. "పోయిన కఫీల్ సతాయించినాడేమో. ఉత్తరాల పని బాగుండె గదా, ఎందుకిడిసిపెట్టె?"

ఒకసారి కథ మొదలైన పది నిమిషాలకే ఆయన మెట్ల కింద చచ్చి పడున్నాడు.

"ఖలాస్," అంది ఆమె. "పాపం, వచ్చే వారం యాడ చేరతాడో."

"చచ్చిపోయాడు కదత్తా, ఇంకెక్కడ చేరతాడు?"

"సచ్చినట్ల పడుకునేది గూడా పనేరా అబ్బీ. ఎంతసేపు ఊపిరి బిగబట్టినాడో సూసినావా? నీ వల్ల అవుతాదా?"

అదంతా నటనని ఆమెకు తెలియక కాదు. ఎవరింట్లోనో టీ ట్రే మోసే మనిషి, ట్రే మోస్తున్న ఇంకో మనిషిని చూసే చూపు అది. "బొటనేలు కప్పులో పెట్టడు సూడు, నేర్చినోడు," అని మెచ్చుకునేది. "జహ్రాలో మా మామా ఉండింటే, ఈయప్పను ఒక్క తూరి గూడా యల్లా యల్లా అని తరిమేది గాదు." మామా అంటే ఆ ఇంటి యజమానురాలు. ఆరేళ్లలో ఆవిడ తనను ఎన్నిసార్లు తరిమిందో చెప్పేది కాదు.

"ఏమంటాండాడు రా?" అని నన్నే అడిగేది. నాకు సగమే అర్థమయ్యేది. మిగతా సగం కల్పించేవాణ్ణి. నేను నవ్వమంటే నవ్వేది, అయ్యో అనమంటే అయ్యో అనేది. ఆ అధికారం నాకు నచ్చింది.

ఆ ఏడాది మేడ మీద డిష్ పెట్టించారు. క్రికెట్ మ్యాచ్ సరిగ్గా మూడింటికి. మ్యాచ్ కోసమే ఆ రోజు అబద్ధం చెప్పానని చాలా ఏళ్లు నాకు నేను చెప్పుకున్నాను. అది సగమే నిజం. నా మాటతో ఆమెను ఎంత దూరం తీసుకెళ్లగలనో చూడాలనుకున్నాను.

"అత్తా, చెవులాయన చచ్చిపోయాడంట."

"కతలోనా?"

"కాదు, నిజంగానే. వార్తల్లో చెప్పారు."

ఆమె పొయ్యి ఆపి, తడిచేతులతో వచ్చి నేల మీద కూర్చుంది.

"యాడ పోయినాడు? ఇంటికాడనా, పనికాడనా?"

"పని దగ్గరే."

"పెండ్లాం బిడ్డలు?"

"ఎవరూ లేరంట," అన్నాను. అదెందుకు అన్నానో ఇప్పటికీ తెలియదు.

ఆ సాయంత్రం ఆమె తన గదిలో దేవుడి పటం ముందు అగరొత్తి వెలిగించింది. డ్యూటీ దిగి వచ్చిన అమ్మతో, "సిస్టరమ్మా, సెవులాయప్ప పోయినాడంట," అంది.

"అయ్యయ్యో! ఎవరండీ ఆయన, మీ ఊరాయనా?"

"అట్లాంటోడే," అంది లక్షుమ్మత్త. నేను కంచంలోంచి తల ఎత్తలేదు.

టీవీ నాదైంది. ఆమె మరి సీరియళ్ల దగ్గరకు రాలేదు. అన్నం పెట్టి, తన గదిలోకి వెళ్లి పడుకునేది. నేను మ్యాచ్ చూసేవాణ్ణి. వికెట్ పడితే గట్టిగా అరిచి, అరిచినందుకు ఎవరూ ఏమీ అనకపోతే, మళ్లీ కూర్చునేవాణ్ణి. ఏసీ రొదలో ఆ మధ్యాహ్నాలు ఎంత పొడుగ్గా ఉండేవో! చెప్పేయాలని రోజూ అనుకునేవాణ్ణి. చెబితే ఆమె అమ్మకు చెబుతుందనే భయం ఒకటి, నా మాట ఇక నమ్మదనే భయం ఇంకొకటి.

ఆరు నెలలకు ఆమెకు జహ్రాలోనే ఇంకో ఇంట్లో పని కుదిరింది. బయల్దేరే రోజు గదిలో సంచి కట్టుకుంటోంది. ఆ వేళ మ్యాచ్ లేదు, నేనే పాత అలవాటుగా ఇంగ్లీషు ఛానల్ పెట్టాను. వచ్చాడు చెవులాయన. కోర్టులో జడ్జిగా, జుట్టు బాగా నెరిసి. నౌకరుగా మొదలైనవాడు జడ్జి అయ్యాడు. ఆమె చూసి ఉంటే ఇల్లంతా మోగిపోయేలా నవ్వేది. ఆమె చెప్పుల చప్పుడు దగ్గరవుతుంటే నేను లేచి టీవీ కట్టేశాను. ఏడుపొచ్చింది.

లక్షుమ్మత్త సంచి కింద పెట్టింది. "నేను పోతాండానని టీవీ గూడా సూడబుద్ధి కాలేదా నాయనా?" అని నన్ను దగ్గరకు తీసుకుంది. నేను తీసుకోనిచ్చాను.

ఇరవై రెండేళ్ల తర్వాత, అమ్మ పోయాక ఆమె పాత డైరీలో లక్షుమ్మత్త కొడుకు నంబరు దొరికింది. వారం రోజులు ఆలోచించి ఫోన్ చేశాను. కొడుకు ఎత్తి వాళ్లమ్మకిచ్చాడు.

"ఫర్వానియా సిస్టరమ్మ కొడుకునత్తా."

"అబ్బీ! నువ్వా! నేను పోయే పొద్దు ఏడ్సుకుంటా టీవీ ఆపేసినావే, మా కోడండ్లకు ఎన్ని తూర్లు చెప్పింటానో!"

అక్కడే ఆగిపోవచ్చు. ఆగలేదు. అంతా చెప్పేశాను, ఎందుకు ఏడ్చానో కూడా. అవతల ఎక్కడో కోడి ఒకటి కూస్తోంది.

"అయితే ఆయప్ప ఉండాడా?" అంది చివరికి.

నేను ఆ వారమే సీరియళ్ల పేర్లు పట్టుకుని ఇంటర్నెట్లో వెతికి చూశాను. నేను చంపేసిన తర్వాత కూడా ఆయన ఎన్నో వేషాలు వేశాడు. జడ్జి తర్వాత స్టేషన్ మాస్టరు, తోటమాలి, మంత్రి, మళ్లీ నౌకరు. అన్నీ వరసగా చదివి వినిపించాను. ఆమె ఊ కొడుతూ వింది. ఇక మిగిలింది ఒక్కటే.

"పోయినేడు చనిపోయాడత్తా. ఇంట్లోనే. భార్య, ఇద్దరు కూతుళ్లు ఉన్నారు."

"ఈ తూరి నిజమేనా?"

"నిజమే."

 ఒట్టు వేద్దామనుకున్నాను. దేని మీద వేయను? అమ్మ లేదు. మా మేడను కూల్చేశారని విన్నాను. ఆ సీరియళ్లను ఇప్పుడు ఎవరూ వేయరు. ఆ గదిలో మూడింటికి ఏం జరిగేదో ఎరిగినవాళ్లం ఇద్దరమే మిగిలాం, అందులో ఒకడు అబద్ధం చెప్పినవాడు. ఫోన్లో ఆమె ఊపిరి వినబడుతోంది. నేను ఇంకేమైనా అంటానేమోనని కాచుకుని ఉంది.